దసరా లోపు చెప్పాల్సిన మాట

22 ఆగస్టు 2011, సోమవారం

ఈవెనింగ్ బ్యాచ్‌లో ఈరోజు మాట కన్ఫెస్. రోజుకో వెర్బ్ చెప్పాలని మా ఇన్‌స్టిట్యూట్ ఓనర్ రూలు. బోర్డు మీద రాసి, అడ్మిట్‌కీ దీనికీ తేడా చెప్పాను. ఎవరో పట్టుకుని అడిగితే అవునండీ అనడం అడ్మిట్. ఎవరూ అడక్కపోయినా, లోపల నలుగుతున్న తప్పును మనంతట మనమే బయటపెట్టడం కన్ఫెస్. బాగా చెప్పాననే అనుకున్నాను.

తర్వాత తలా ఒక వాక్యం. ఉప్పల్ రింగు రోడ్డు పక్కన మెడికల్ షాపు మీది గదిలో మా క్లాసు. కింద బస్సుల హారన్లు, కాబట్టి ఎవరేం చెప్పినా అరిచి చెప్పాలి. మేడిపల్లి నుంచి వచ్చే స్వర్ణలత చెల్లెలి ఐస్‌క్రీమ్ తిన్నానని కన్ఫెస్ చేసింది. ఇంకొకతను జ్వరమని ఆఫీసుకు చెప్పి సినిమాకు వెళ్లాడట. ఏది నిజమో ఏది ఉత్తుత్తిదో నేనెప్పుడూ అడగను. తెలుగులో నోరు విప్పని వాళ్లు కూడా ఇంగ్లీషులో ఏదైనా చెప్పేస్తారు. తమ భాష కాదు కాబట్టి అది తమ మాట కూడా కాదని ధీమా.

చివరి బెంచీలో దుర్గేష్ లేచాడు. నాచారంలో ఏదో కంపెనీలో పని, అంతవరకే తెలుసు నాకు. డోర్ స్విచ్‌ను నేనే తీగతో కట్టానని కన్ఫెస్ చేస్తున్నాను అన్నాడు ఇంగ్లీషులో. ఒక్క తప్పు లేదు. ఏ డోర్, ఫ్రిజ్‌దా బీరువాదా అన్నాను. క్లాసంతా గొల్లుమంది. అతనూ నవ్వాడు.

క్లాసయ్యాక మెట్ల దగ్గర నిలబడి, కన్ఫెస్ జేసినంక ఏం జెయ్యాలె మేడమ్ అని అడిగాడు. అపాలజైజ్, అది రేపటి పాఠం అన్నాను. షేర్ ఆటో కదిలిపోతోందని పరుగెత్తాను.

23 ఆగస్టు

అపాలజైజ్ చెప్పాను. దుర్గేష్ రాలేదు.

28 ఆగస్టు, ఆదివారం, మధ్యాహ్నం

పొద్దుటి నుంచి ఎవరితోనూ ఒక్క మాట మాట్లాడలేదు. ఫిర్యాదు కాదు, ఊరికే రాసుకుంటున్నాను. వారమంతా గొంతు చించుకునే మనిషిని, ఆదివారం వచ్చేసరికి నా దగ్గు నాకే ఎవరిదోలా వినిపిస్తుంది.

ఒంటిగంట ప్రాంతంలో కింద నుంచి గిన్నె వచ్చింది. చుక్కకూర పప్పు. ఇంటివాళ్లు రాములమ్మ ఆంటీ, సాంబయ్య అంకుల్. జనగామ వైపు వాళ్లు. ఈ మేడ మీది గదిలో నేను దిగిన మొదటి ఆదివారం మొదలైంది ఆ స్టీలు గిన్నె మెట్లెక్కడం. ఖాళీ గిన్నె దింపడం బాగుండదని నేను అందులో పచ్చడో స్వీటో వేసి ఇస్తాను. మీ దిక్కు పచ్చళ్లు మస్తు కారం బిడ్డా అంటుంది ఆంటీ, మళ్లీ అదే అడుగుతుంది. ఈ ఊళ్లో నన్ను బిడ్డా అని పిలిచేది ఆవిడొక్కతే.

అంకుల్‌కు ఈ నెల మొదట్లో కంపెనీలో చెయ్యి మెషిన్‌లో పడింది. బకెట్లు, మగ్గులు చేసే ప్లాస్టిక్ కంపెనీ. కుడిచేతి రెండు వేళ్లు పోయాయి. ఈఎస్ఐ దవాఖానా నుంచి వచ్చాక గేటు పక్కన కుర్చీ వేసుకుని కట్టు వైపు చూస్తూ కూర్చుంటున్నాడు. ఎలా జరిగిందని నేను అడగలేదు. అడిగితే బాధపడతారని. కాదు, అది సాకు. అడగడం నాకు చేతకాదు.

3 సెప్టెంబర్, శనివారం

అంకుల్ మొదటిసారి నా గది దాకా వచ్చాడు. చేతిలో కాగితం. గిది ఇంగ్లీషుల ఉన్నది, జర సదివి జెప్పు మేడమ్ అన్నాడు. కంపెనీ వాళ్లిచ్చారట. సంతకం పెడితే గేటు దగ్గర వాచ్‌మన్‌గా కూర్చోబెడతారు. పెట్టకపోతే ఇంటికే. దసరా తెల్లారి దాకా గడువు. పండుగకు మెషిన్లకు పూజ జేసుకున్నంక అంత కొత్తగ మొదలువెడదామన్నడు మేనేజర్ సారు అని చెప్పాడు.

చదివాను. మెషిన్ తలుపు దగ్గరి స్విచ్‌ను నేనే తీగతో కట్టాను, ప్రమాదం అందువల్లే జరిగింది, ఇందులో కంపెనీ తప్పేమీ లేదు. మొదటి మాటలు ఐ కన్ఫెస్.

నా నోరు అక్కడే ఆగిపోయింది. ఆ ఇంగ్లీషు నాకు కష్టంగా ఉందనుకున్నాడు పాపం. పర్వలేదు, మెల్లగనే సదువు అన్నాడు.

అప్పుడు అడిగాను, ఎలా జరిగిందని. ఆ మెషిన్ తలుపు మూసి ఉంటేనే నడుస్తుంది, తెరిస్తే ఆగిపోతుంది. స్విచ్‌ను తీగతో కట్టేస్తే మాత్రం తెరిచున్నా నడుస్తూనే ఉంటుంది. ప్రతి బకెట్‌కూ తలుపు వేసి తీసే పని తప్పుతుంది, మాల్ జల్ది బయటికొస్తుంది. ఆ రోజు పొద్దుటి షిఫ్టుకు ఎక్కగానే ఒక బకెట్ ఇరుక్కుంది. తలుపు తీసి చెయ్యి పెట్టాడు. ఆగుతది అనుకున్న, ఆగలె అన్నాడు. అంతే చెప్పాడు.

రాత్రి షిఫ్టులో ఎవరున్నారని అడిగాను. దుర్గేష్ అని మా ఊరి దిక్కు పిలగాడు, నన్ను మామా అంటడు, నేనే వెట్టిచ్చిన ఆ పనిల అన్నాడు.

తర్వాత కన్ఫెస్ అంటే ఏందని అడిగాడు. క్లాసులో చెప్పినదే అప్పజెప్పాను. ఎవరూ అడక్కపోయినా మన తప్పు మనమే బయటపెట్టడం. ఆ మాటను మెల్లగా మళ్లీ అనుకున్నాడు తనలో తను. మీరు చేయని పనికి సంతకం పెట్టకండి, దసరా దాకా ఆగండి అన్నాను. సరే అన్నట్టు తలూపి దిగిపోయాడు.

దుర్గేష్ నా స్టూడెంటని చెప్పలేదు. ఈ వాక్యం నాకు ముందే తెలుసని చెప్పలేదు.

5 సెప్టెంబర్, సోమవారం

టీచర్స్ డే అని బ్యాచ్ వాళ్లు కేకు తెచ్చారు. దుర్గేష్ వచ్చాడు. ఒక పెన్ను ఇచ్చాడు. తీసుకున్నాను, ఏం చేయను.

అందరూ వెళ్లాక మెట్ల మీద ఆపి అడిగాను. సాంబయ్య గారింట్లోనే అద్దెకుంటున్నానని చెప్పాను. అతని మొహం మాడిపోయింది. ఉత్తగ జెప్పిన మేడమ్, ప్రాక్టీస్‌కు అన్నాడు. నేను మెట్టు దిగలేదు. తర్వాత అతనే మొదలుపెట్టాడు. టార్గెట్ అయితలేదని సూపర్‌వైజర్ మొత్తుకుంటుంటే కట్టిన, పొద్దుగాల విప్పుడు మర్సిపోయిన, దవాఖానకు పోయి గూడ మొఖం సూపెట్టలేక గేటు కాడికెల్లే వచ్చిన. నోరిప్పితే కాంట్రాక్టోడు అదే దినం పంపిస్తడు. ఇదంతా రెయిలింగు గీరుతూ చెప్పాడు.

కంపెనీకి చెప్పకపోయినా ఆయనకైనా చెప్పు అన్నాను. దసరా లోపు చెప్పు, లేకపోతే నీ తప్పు మీద ఆయన సంతకం పడుతుంది. చెప్త మేడమ్ అన్నాడు. చెప్తాడనే అనిపించింది.

ఆ రోజు అతను తన వాక్యం చెప్పినప్పుడు నేను ఫ్రిజ్ అని జోకేశాను. అది గుర్తొచ్చి నా వంతు కేకు అక్కడే వదిలేసి వచ్చాను.

12 సెప్టెంబర్

దుర్గేష్ క్లాసు మానేశాడు. ఫోన్ ఎత్తడు.

నేనే ఆంటీకి చెప్పేస్తే ఒక్క నిమిషం పని. ఎందుకు చెప్పడం లేదో రాస్తానని మొన్న మనసులో అనుకుని ఎగ్గొట్టాను. ఇప్పుడు రాస్తాను.

రాఘవేంద్ర. నా భర్తగా ఉన్న మనిషి. అతనికి ఇంకొకావిడ ఉందన్నది పెద్దాపురంలో అందరికీ తెలిసిన సంగతే, నాకే ఆఖరున తెలిసింది. కాకినాడ కోర్టులో కౌన్సిలర్ ముందు కూర్చున్నప్పుడు కూడా, జరిగిందేదో జరిగిపోయింది అన్నాడు. తుఫాను గురించి చెప్పినట్టు. నేను చేశాను అనలేదు. నాకు అతను తిరిగి రావడం అక్కర్లేదు. ఆ ఒక్క మాట కావాలి. అది రాలేదు కాబట్టే ఊరు వదిలి వచ్చాను, ఇక్కడ పరాయి పిల్లలకు పరాయి భాషలో దాన్ని పాఠంగా చెబుతున్నాను.

తప్పు ఒప్పుకోవడానికీ, పెళ్లికి ఒప్పుకోవడానికీ మనకు ఒకటే మాట. రాఘవేంద్ర రెండోది మాత్రమే చేశాడు.

ఒక్క మగవాడు, ఎవరూ మెడ మీద కత్తి పెట్టకుండా, నేను చేశాను అనడం నేను చూడాలి. అందుకని దుర్గేష్ కోసం ఆగి చూస్తున్నాను. పైకి మాత్రం, అది అతను చెప్పుకోవాల్సిన మాట, మధ్యలో నేనెవర్ని అని నాకు నేనే సర్దిచెప్పుకుంటున్నాను. సాంబయ్య అంకుల్ ఉద్యోగం పణంగా పెట్టి నేను ఆడుకుంటున్నాను. ఇలా రాసుకోవడం తేలికే. కిందికి వెళ్లి చెప్పడం తేలిక కాదు.

20 సెప్టెంబర్

సమ్మె. తెలంగాణ కోసం. నిన్నటి నుంచి బస్సులు కూడా లేవు. క్లాసులు బంద్. కరెంటు ఎప్పుడు పోతుందో, ఎప్పుడొస్తుందో. దుర్గేష్ కంపెనీ దగ్గర్లోనే ఉంటాడని విని, ఎండలో ఇండస్ట్రియల్ ఏరియాలో తిరిగాను. గేట్లన్నీ ఒకేలా ఉన్నాయి. ఎవరినీ అడక్కుండానే వచ్చేశాను.

వీధి చివరి కిరాణా కొట్టతను నవ్వుతూనే, తెలంగాణ వస్తే మీరెప్పుడు పోతరు మేడమ్ అన్నాడు. నేనూ నవ్వాను. ఎక్కడికి పోవాలో అతన్నే అడగాల్సింది.

30 సెప్టెంబర్, శుక్రవారం

సాయంత్రం వాకిట్లో బతుకమ్మ. ఆంటీ రా బిడ్డా అని చెయ్యి పట్టి లాగింది. నాకు అడుగు కలవలేదు. మధ్యలో తప్పుకుని గోడకానుకుని చప్పట్లు కొట్టాను. ఇంతమంది మధ్య ఉండి ఎంత కాలమైందో.

లోపల అంకుల్ దీపం ముందు పాత పేపర్ పరుచుకుని కూర్చున్నాడు. అంచుల నిండా ఎడమచేత్తో సాంబయ్య, సాంబయ్య, సాంబయ్య. వంకర టింకర అక్షరాలు. కుడిచెయ్యి ఒళ్లో ఉంది. సంతకం నేర్చుకుంటున్నాడు.

దుర్గేష్‌కు మెసేజ్ పెట్టాను. దసరాకు ఆరు రోజులే. జవాబు లేదు.

6 అక్టోబర్, దసరా, రాత్రి ఎనిమిది

వచ్చాడు. దుర్గేష్ వచ్చాడు.

మా ఊళ్లో దసరాకు జమ్మి చెట్టు దగ్గరికి వెళ్లి చీటీ కట్టి వచ్చేవాళ్లం. ఇక్కడ జమ్మి ఆకును బంగారమని చేతిలో పెట్టి, చిన్నవాళ్లయితే కాళ్లు మొక్కి, అలాయ్ బలాయ్ అని కౌగిలించుకుంటారు. పొద్దుగూకినప్పటి నుంచి వీధంతా ఆకులు పట్టుకుని ఇల్లిల్లూ తిరుగుతోంది. నేను మెట్ల మీద నిలబడి చూస్తున్నాను. గేటు తీసుకుని లోపలికొచ్చాడు. అంకుల్ చేతిలో ఆకు పెట్టాడు, ఆ రెండు వేళ్లు పోయిన చేతిలోనే. కాళ్ల మీద పడ్డాడు. ఎంతకూ లేవడు. అంకుల్ లేవదీసి గుండెకు హత్తుకున్నాడు. దుర్గేష్ భుజాలు ఎగిసిపడటం నాకు పై నుంచే కనిపించింది. ఏదో చెబుతున్నాడు, పటాకుల మోతలో వినపడలేదు.

చెప్పేశాడు. నేను కూడా ఏడ్చాను.

తర్వాత పైకొచ్చి నాకూ ఆకు ఇచ్చాడు. ఐ యామ్ ప్రౌడ్ ఆఫ్ యూ అన్నాను. నా మొహంలోకి ఒకలా చూసి, దిగి వెళ్లిపోయాడు. ఆకును ఈ పేజీలోనే పెడుతున్నాను.

7 అక్టోబర్, పొద్దున

అంకుల్ తెల్ల చొక్కా వేసుకుని కంపెనీకి బయలుదేరాడు. ఉన్నదున్నట్టు చెప్పడానికే కదా. పై నుంచి ఆల్ ద బెస్ట్ అంకుల్ అని అరిచాను. చెయ్యెత్తాడు.

అదే రోజు

ఎలా రాయాలో తెలియడం లేదు.

పదకొండింటికి కిందికి దిగాను. ఆంటీ బెండకాయలు తరుగుతోంది. పక్కన కూర్చుని, పోనీలెండి ఆంటీ, ఆఖరికైనా నోరు విప్పాడు, ఇక అంకుల్ సంతకం పెట్టక్కర్లేదు అన్నాను. ఎవరు నోరిప్పిండ్రు అంది. దుర్గేష్, నిన్న, ఆ తీగ సంగతి అన్నాను. ఏ తీగ సంగతి అంది.

కత్తిపీట మీద బెండకాయ సగంలో ఆగిపోయింది.

నిన్న అతను ఏమీ చెప్పలేదు. పండుగకు అందరూ చేసేదే చేశాడు. అంత ఏడ్చి, అంతసేపు కాళ్లు పట్టుకుని, ఒక్క మాట కూడా అనలేదు. మామకు గిట్లయ్యె గదా, పోరడు బాధపడ్డడనుకున్న అంది ఆంటీ. ఇక్కడి మనుషులకు అది పండుగ. నేను నా పాఠాన్ని చూసుకున్నాను దానిలో.

తీగ కట్టింది దుర్గేషేనని చెప్పేశాను. నీకు ఎప్పటికెల్లి ఎర్క అని అడిగింది. నెల దాటింది అన్నాను. తిట్టలేదు. తరిగిన బెండకాయలు తట్టలోకి తీసుకుని లోపలికి పోయింది.

సాయంత్రం అంకుల్ వచ్చాడు. సంతకం పెట్టేశాడు.

8 అక్టోబర్, శనివారం

అంకుల్ పైకొచ్చి గడప మీద కూర్చున్నాడు. నువ్వు ఫికర్ చెయ్యకు మేడమ్ అన్నాడు. నాకు మొదటి సంది ఎర్కనే అన్నాడు.

ఆ తీగ ముడి చూడగానే తెలిసిందట, దవాఖానాకు తీసుకుపోతున్నప్పుడే. ఎందుకంటే ఆ ముడి నేర్పింది ఆయనే. ఎన్నో ఏళ్ల కిందట, ఆ కంపెనీలో మొదట స్విచ్ కట్టింది ఆయన. సార్లు భుజం తట్టారు. తర్వాత వచ్చిన ప్రతివాడికీ నేర్పాడు, దుర్గేష్‌కు కూడా. తనకు భయమేసి తను మానేశాడు, వాళ్లను మాన్పించలేదు. నువ్వే జెప్తివి గదా, ఎవలడగకున్నా మనదే మనం బయట పెట్టుడని, గందుకే వెట్టిన సంతకం, అండ్ల అబద్ధమేం లేదు అన్నాడు.

అయితే దుర్గేష్ చెప్పక్కర్లేదా అన్నాను. బంగారం చేతుల వెట్టి కాళ్ల మీద వడ్డడు, ఇంకేం జెప్పాలె అన్నాడు ఆయన.

దుర్గేష్ తన తీరున చెప్పుకున్నాడు. ఈయన తన తీరున చెప్పుకున్నాడు. కంపెనీ ఎలాగూ చెప్పదు. మిగిలింది నేను.

వెళ్తూ, ఆమెకే జర కోపమున్నది, దుర్గేష్ మీద గాదు అన్నాడు.

9 అక్టోబర్, ఆదివారం

గిన్నె రాలేదు.

16 అక్టోబర్, ఆదివారం

ఈ వారమూ రాలేదు. నా గదిలోనే ఉండిపోయిన ఒక గిన్నె ఉంది, వాళ్లదే, దసరా నాటిది. నిండా జంతికలు వేశాను. మెట్ల సగం దాకా దిగాను. కింద టీవీ, ఆంటీ ఎవరితోనో నవ్వుతూ మాట్లాడుతోంది. వెనక్కి వచ్చేశాను. జంతికలు నేనే తిన్నాను, రాత్రికి అన్నం వండుకోలేదు.

నేను బయటి మనిషినని ఆవిడ ఇన్నాళ్లూ ఒక్కసారి కూడా అనుకోలేదు. ఇప్పుడు అనుకుంటోంది, అలా చేసింది నేనే.

17 అక్టోబర్, సోమవారం

క్లాసులు మొదలయ్యాయి. దుర్గేష్ వచ్చాడు. మామ గేటు కాడ కూసుంటుండు మేడమ్, లోపటికి పోయేటప్పుడు, వచ్చేటప్పుడు రోజు ఆయన ముందట్కెల్లే పోవాలె అన్నాడు. తన షిఫ్టులో తీగలన్నీ విప్పేశాడట. మాల్ తగ్గిందని సూపర్‌వైజర్ తిడుతున్నాడు. కట్ట అంటున్న అన్నాడు. అంటే, కట్టనని చెబుతున్నాడట. ఉద్యోగం ఎన్నాళ్లుంటుందో తెలియదు.

ఈరోజు వెర్బ్ ఏదో రాశాను. ఏది రాశానో గుర్తు లేదు.

18 అక్టోబర్

కిందికి వెళ్లాను. పేజీలోని జమ్మి ఆకు తీసి ఆంటీ చేతిలో పెట్టాను. ఎండి, పెళుసెక్కి, రాలిపోతోంది.

పండుగ అయిపోయింది, ఆకెందుకు, నోటితోని జెప్పు అంది.

చెప్పాను. తెలుగులోనే. నాకు తెలుసు, తెలిసీ చెప్పలేదు, నా కోసమే చెప్పలేదు.

విని లోపలికి పోయి తలుపేసుకుంది. గడియ పెట్టిన చప్పుడు కోసం చాలాసేపు నిలబడ్డాను. రాలేదు.